మామ బొటనవేలు

సిరిసిల్లల నేత సాంచలు బందైతే మా మామ ఖతర్ పోయిండు. మూడేండ్లకు సెలవు మీద అచ్చిండు. ఆ దేశం గురించి ఎవలడిగినా బొటనవేలు లేపెటోడు.

"ఖతర్ గిట్లనే ఉంటది. మూడు దిక్కుల సముద్రం. ఎనుకట గా దేశపోళ్ళు ముత్యాల కోసం మునిగెటోళ్ళు, నెలలకు నెలలు ఇంటి మొఖం చూడకుంట. ఇప్పుడు ఇంటి మొఖం చూడని పని మాకిచ్చిండ్రు."

మా బడిల గీ ముచ్చట చెప్పనీకి రెండు పుస్తకాలు పట్టినయ్.

తండ్రిని గుర్తుపట్టని ఆయన చిన్న బిడ్డ మాత్రం అత్త కొంగు ఇడువలే. వారం దినాలైనంక, ఆ వేలు చూడనీకి దగ్గరికచ్చింది.

"నువ్వు గిండ్ల ఏడుంటవ్?"

"గీ కణుపు కాడ, బిడ్డా. ఎండకాలం పెనం లెక్క కాల్తది."

పిల్ల ఆ వేలు పట్టుకొని ఉఫ్ ఉఫ్‌మని ఊదింది.

మామ కండ్లు తుడుసుకున్నడు. ఎవలూ అడగకముందే, "ఖతర్ దుమ్ము ఇంకా పోలే" అన్నడు.