మిద్దె మీది సైరను

పోయిన ఆదివారం మా మారేడ్‌పల్లి అపార్ట్‌మెంటులో సంఘం మీటింగు జరిగింది. నీళ్ళ ట్యాంకర్ల గురించీ లిఫ్టు గురించీ చాలాసేపు వాదులాడుకున్నాక, మేడ మీద పిడుగుల కోసం పెట్టించాల్సిన రాడ్డు సంగతి వచ్చేసరికి అందరూ లేచి కుర్చీలు మడిచేస్తున్నారు. అది ఇప్పుడంత అవసరమా ఆంటీ, ఫోన్లో ముందే మెసేజ్ వస్తుంది కదా అన్నాడు సెక్రటరీ కుర్రాడు, నవ్వుతూనే. నేను మాత్రం అందర్నీ బతిమాలి మళ్ళీ కూర్చోబెట్టి, ఆ రాడ్డు పెట్టిస్తామని అనిపించుకునేదాకా వదల్లేదు. పాపం ఆ కుర్రాడికేం తెలుసు, ఒకప్పుడు ఇదే సికింద్రాబాదులో ఉరుములకు భయపడటమే నా ఉద్యోగమని.

మన వయసువాళ్ళకు ఆ రోజుల గురించి పెద్దగా చెప్పక్కర్లేదు. ఏ గోడ మీద చూసినా కంప్యూటర్ కోర్సుల కాగితాలే, ఏ పెళ్ళికి వెళ్ళినా సాఫ్ట్‌వేరు మాటలే. నిన్నటిదాకా పేరు వినని కంపెనీలు పేపర్లో సగం పేజీ ప్రకటన ఇచ్చేవి, మళ్ళీ మూడు నెలలకు వాటి బోర్డు కనిపించేది కాదు. ఆ హడావిడిలోనే, గోల్ఫ్ ఆడి బతుకుదామనుకున్న దక్షిణాది కుర్రాళ్ళ కోసం ఒక చిన్న టూరు మొదలైంది. టూరంటే విహారయాత్ర అనుకునేరు, కాదు. కొన్ని వారాలకొక ఊళ్ళో పోటీ పెడతారు, ఆటగాళ్ళు రైళ్ళలో సంచులు మోసుకుంటూ ఊరూరూ తిరిగి ఆడతారు, ఏడాది చివర లెక్క చూసి పైన నిలిచిన నలుగురిని దేశమంతా జరిగే పెద్ద పోటీల్లోకి తీసుకుంటారు. ఆ నలుగురిలో పడటమే వాళ్ళ జీవితాశయం.

దాన్ని మొదలుపెట్టింది సైన్యంలో రిటైరైన ఒక మేజరు గారు. రాంగోపాల్‌పేట్‌లో బట్టల దుకాణం పైన రెండు గదులు, ఒక ఫ్యాక్సు మిషను, అప్పుడప్పుడు పనిచేసే కంప్యూటరు, నేను: అదే ఆఫీసంతా. పెళ్ళయి, బిడ్డ బడికి వెళ్ళడం మొదలయ్యాక, ఇంట్లో ఊరికే కూర్చోలేక చేరాను. ఆ ఉద్యోగంలో గుండె నిమ్మళంగా ఉన్న రోజు నాకు గుర్తులేదు. ఈ పోటీకి ఖర్చు పెట్టుకుంటామన్న కంపెనీ వచ్చే వారానికి ఉంటుందో లేదో, మద్రాసు నుంచి రావాల్సిన ఆటగాళ్ళకు రైల్లో బెర్తులు దొరికాయో లేదో, ఆకాశం సహకరిస్తుందో లేదో. మొదట్లో టీపొడివాళ్ళూ టైర్లవాళ్ళూ డబ్బు పెట్టేవారు, తర్వాత వాళ్ళ చోట్లోకి సాఫ్ట్‌వేరువాళ్ళు వచ్చారు. టోపీల మీదా గొడుగుల మీదా వాళ్ళ వెబ్‌సైటు పేరు ఉండేది, అది ఏం అమ్ముతుందో మేజరు గారికీ తెలియదు, నాకూ తెలియదు.

నా భయానికి ఇంకో కారణం కూడా ఉంది. ఆ ఆటగాళ్ళలో మా తమ్ముడొకడు. మా నాయనకు రెజిమెంటల్ బజార్‌లో షామియానాల దుకాణం. కంటోన్మెంటు వైపున్న గోల్ఫ్ మైదానంలో ఎప్పుడు విందు జరిగినా డేరాలు మావే. గుంజలు పాతేటప్పుడు వెంట వెళ్ళిన మావాడు, ఎవరో పారేసిన విరిగిన కర్రతో ఆడటం మొదలుపెట్టి, ఇంటర్ పరీక్షలు ఎగ్గొట్టి మరీ ఆ పచ్చికలోనే పెరిగాడు. అమ్మ ఏడ్చింది, నాయన బెల్టు తీశాడు. తర్వాత, వాడు కొట్టిన బంతి చెట్ల మీదుగా వెళ్ళి జెండా పక్కన పడటం ఒకసారి కళ్ళారా చూసి, బెల్టు మళ్ళీ నడుముకే పెట్టుకున్నాడు.

టూరు మొదలైన రెండో ఏట వేరే ఊళ్ళో పోటీ జరుగుతుండగా పిడుగు పడింది. ఆటగాడి సంచి మోసే మనిషి పక్కనున్న చెట్టు నిలువునా చీలిపోయింది. అతను బతికాడు గానీ ఒక చెవి వినికిడి పోయింది. నేను ఆస్పత్రికి వెళ్ళి చూశాను, ఏమడిగినా రెండో చెవి నా వైపు తిప్పి నవ్వేవాడు. ఆ నవ్వు నన్ను చాలా రోజులు తినేసింది. అప్పటినుంచి మేజరు గారొక నియమం పెట్టారు: ప్రతి పోటీలో ఒకరు అక్కడి క్లబ్బు మిద్దె మీద నిలబడి ఆకాశం చూడాలి, పిడుగుల వాన దగ్గరపడితే సైరను తిప్పాలి, అది వినపడగానే ఎవరెక్కడ ఉన్నా ఆట ఆపేయాలి, కొట్టబోతున్న బంతి కూడా కొట్టకూడదు. చేత్తో తిప్పే పాత సైరను ఒకటి ఎక్కడో సంపాదించి తెచ్చారు. గంటల తరబడి ఆకాశం చూసే పని ఎవరికి కావాలి? తిరిగి తిరిగి అది నా మీదే పడింది.

మెరుపు కనపడగానే అంకెలు లెక్కపెట్టమనీ, ఉరుము ఎంత తొందరగా వస్తే పిడుగు అంత దగ్గరున్నట్టనీ ఆయన నేర్పారు. కంగారులో నాకు అంకెలు తడబడేవి. అందుకని చిన్నప్పుడు అమ్మ నేర్పిన ఒక శ్లోకం చదువుకునేదాన్ని. శ్లోకం పూర్తికాకముందే ఉరుము వినిపిస్తే సైరను తిప్పాలి, పూర్తయ్యాక వినిపిస్తే ఆగవచ్చు. ఆయనే దాన్ని గడియారంతో సరిచూసి, పర్వాలేదమ్మా, కరెక్టే ఉంది అన్నారు.

ఇక ఆ రోజు సంగతి. అది మే నెల, మన ఊళ్ళోనే పోటీ, ఆ ఏటికి అదే ఆఖరుది. నాలుగు రోజుల ఆటలో చివరి మధ్యాహ్నం, ఆఖరి గుంతకు వచ్చేసరికి మా తమ్ముడు అందరికన్నా ఒక్క దెబ్బ ముందున్నాడు. గోల్ఫ్‌లో బంతిని అన్ని గుంతల్లోనూ తక్కువ దెబ్బల్లో వేసినవాడిదే గెలుపు. గెలిస్తే పెద్ద పోటీల్లోకి వెళ్ళే నలుగురిలో వాడి పేరుంటుంది. ఓడితే ఉండదు. ఈ లెక్క ఆ మైదానంలో అందరికన్నా ఎక్కువ నాకే తెలుసు, ఎందుకంటే దాన్ని టైపు చేసింది నేనే.

ఆఖరి గుంత క్లబ్బు మిద్దె ఎదురుగానే ఉంటుంది. మొదటి దెబ్బ చక్కగా పడింది. రెండో దెబ్బ చిన్న నీటి కుంట దాటించి, గుంతలో గుచ్చిన జెండా దగ్గర వేయాలి. వాడు బంతి దగ్గరికి నడిచి వస్తున్నాడు, కింద మా షామియానాలో కంపెనీ అతిథులు చప్పట్లకు సిద్ధంగా ఉన్నారు, నాయన ఒక గుంజకు ఆనుకుని నిలబడ్డాడు. అప్పటికి కాసేపటినుంచీ తిరుమలగిరి వైపు ఆకాశం నల్లబడుతూనే ఉంది. ఇంకా దూరమే, ఇంకా దూరమే అని నాకు నేను చెప్పుకుంటున్నాను.

మెరుపు మెరిసింది. శ్లోకం మొదలుపెట్టాను. చివరి మాట పెదవి మీద ఉండగా ఉరుము వచ్చింది. ముందూ కాదు, వెనకా కాదు. తొందరగా చదివానా, నెమ్మదిగా చదివానా, ఒకవేళ తమ్ముడి కోసమే సాగదీశానా, ఏమీ తెలియలేదు. చేతిలో వాకీటాకీ గరగరమంది, మేజరు గారి గొంతు.

"అమ్మా, గెస్టులకు ఫ్లైట్ టైమ్ అయితున్నది. ఒక్క హోల్ మిగిలింది. జెర చూడు. కానీ డిసిషన్ నీదే, నేను మాత్రం ఆపమని చెప్తలేను, వద్దని చెప్తలేను."

వద్దని అరిచినా బాగుండేదనిపించింది. కింద మా తమ్ముడు కర్ర పట్టుకుని బంతి ముందు నిలబడి ఉన్నాడు. ఒక్క నిమిషం ఆగితే వాడు కొట్టేస్తాడు. ఆ ఒక్క నిమిషంలో మైదానంలో ఉన్న జనాన్ని చూశాను. చెట్ల కింద చూసేవాళ్ళు, సంచులు మోసేవాళ్ళు, ఇనుప కర్రలు చేతిలో ఉన్న ఆటగాళ్ళు, గుంజ పట్టుకున్న నాయన. ఆస్పత్రిలో ఆ మనిషి నవ్వు గుర్తొచ్చింది. సైరను పిడి పట్టుకుని తిప్పాను. ఆ సైరను ముందు మూలుగుతుంది, నాలుగు చుట్లు తిప్పితే గానీ గొంతు విప్పదు. ఆ మూలుగు వినే మా తమ్ముడు తలెత్తి మిద్దె వైపు చూశాడు. అంత దూరంలో వాడి ముఖం కనపడలేదు. కర్ర సంచిలో పెట్టేసి క్లబ్బు వైపు నడిచాడు.

వాన కురిసింది, గాలి వీచింది, షామియానా ఒక పక్క లేచిపోయింది. పిడుగు మాత్రం పడలేదు. మైదానంలోనే కాదు, చుట్టుపక్కల ఎక్కడా పడలేదు. క్లబ్బు హాల్లో ఒక మూల తువ్వాలు తల మీద కప్పుకుని మా తమ్ముడు కూర్చున్నాడు. నేను దగ్గరికి వెళ్ళే ధైర్యం చేయలేదు. తడిసిపోయి వచ్చిన నాయన మాత్రం నా దగ్గరే ఆగాడు.

"జెరంత సేపు ఆగితే ఏమాయె బిడ్డా," అన్నాడు. కోపంగా అనలేదు. అందుకే ఇప్పటికీ చెవిలో ఉంది.

వాన వెలిశాక ఆట మళ్ళీ మొదలైంది. తడి గడ్డి, చల్లబడ్డ గాలి. వాడు కొట్టిన రెండో దెబ్బ కుంటలో పడింది. ఒక్క దెబ్బ వెనకున్న బెంగుళూరు కుర్రాడు కప్పు ఎత్తుకున్నాడు. అతిథులు అప్పటికే వెళ్ళిపోయారు, కప్పు మేజరు గారే ఇచ్చారు.

తర్వాతి ఏడాది టూరే లేదు. గొడుగుల మీద పేరున్న కంపెనీకి ఫోను చేస్తే మోగేది, ఎవరూ ఎత్తేవారు కాదు. మిగతావాళ్ళు ఈ ఏడు చూద్దాం, వచ్చే ఏడు చూద్దాం అన్నారు. మేజరు గారు కొన్నాళ్ళు స్కూటరు మీద ఆఫీసుల చుట్టూ తిరిగి, ఒక రోజు రాంగోపాల్‌పేట్ గదుల తాళం నా చేతే వేయించారు. ఇంకొక్క ఏడు నడిస్తే మా తమ్ముడికి ఇంకొక అవకాశం ఉండేది. అదీ పోయింది. ఆ పోయిన దాని బరువంతా నా మెడకే చుట్టుకుంది.

వాడు మా ఇంటికి రావడం మానేశాడు. రాఖీకి నేనే రెజిమెంటల్ బజార్ వెళితే, ఇప్పుడే బయటికి పోయిండమ్మా అంది అమ్మ, నా వైపు చూడకుండా. మాదాపూర్ వైపు సాఫ్ట్‌వేరువాళ్ళకు గోల్ఫ్ నేర్పే మైదానంలో వాడికి ఉద్యోగం దొరికిందని కూడా బయటివాళ్ళు చెబితేనే తెలిసింది. మావారిది శ్రీకాకుళం వైపు, మాట తక్కువ మనిషి. "నీ పని నువ్వు సేసినావు, ఇందల తప్పేటుంది," అని రోజూ అనేవారు. తప్పు లేదని తెలిసినంత మాత్రాన గుబులు పోతుందా? మబ్బు పడితే చాలు, వంట మధ్యలో వదిలేసి మళ్ళీ శ్లోకం చదువుకునేదాన్ని, ఏ వేగంతో చదివానో తేల్చుకోవడానికి.

అలా ఏడాది దాటింది. ఒక వానాకాలపు సాయంత్రం క్లాక్ టవర్ దగ్గర బస్సు కోసం తడుస్తూ నిలబడితే, ఒక స్కూటరు ముందుకు వెళ్ళి, ఆగి, వెనక్కి వచ్చింది. మా తమ్ముడు. ఇద్దరం ఒక మూసిన దుకాణం చూరు కింద నిలబడ్డాం. పక్క హోటల్లోంచి రెండు చాయ్‌లు తెచ్చి ఒకటి నా చేతిలో పెట్టాడు.

"అక్కా, నీకొక మాట చెప్పాలె. చానా దినాలసంది అనుకుంటున్న," అన్నాడు. "ఆ దినం సైరన్ మోగంగనే నాకు పానం లేచొచ్చినట్టయింది."

ఏమంటున్నవురా అన్నాను.

"చేతులు ఒకటే వణుకుడు. పట్టు దొరుకుతలేదు. కుంట తప్ప ఏం కనపడ్తలేదు. ఏదన్న అయి ఆట ఆగితే బాగుండు దేవుడా అనుకుంటున్న, గంతల్నే నువ్వు మోగించినవ్. వాన పడ్డంతసేపు అట్లనే పడుతుండాలె అనుకున్న. అప్పుడు కొట్టినా అది నీళ్ళల్లనే పడుతుండె."

"మరి నా ముఖం చూడకుండా ఎందుకు తిరిగినవురా?"

"అందరు నిన్నంటుంటే నేను సప్పుడు చెయ్యలే గద. నాయన అన్నడు, దోస్తులన్నరు. అక్క సైరన్‌తోనే కప్పు పోయింది అంటుంటే, అవునన్నట్టు ఊకున్న. గట్ల ఊకున్నోణ్ణి, ఏ మొకం పెట్టుకొని రావాలె నీ ఇంటికి?"

చాయ్ చల్లారుతోంది, తాగమన్నాను. వాడు తాగాడు. స్కూటరు మీద మారేడ్‌పల్లి దాకా దింపి, లోపలికి వచ్చి, మా ఆయన ఎదురుగా కూర్చుని అన్నం తిని వెళ్ళాడు.

వాడు చెప్పింది నిజమో, నా మనసు తేలికపడాలని అల్లి చెప్పిందో ఇన్నేళ్ళయినా నాకు తెలియదు. ఇప్పుడు వాడి జుట్టు నెరిసింది, ఇంకా ఆట నేర్పుతూనే ఉన్నాడు, అడిగితే చెబుతాడు కూడా. నేనే అడగలేదు. ఏది నిజమైనా ఆ చూరు కింది మాటలతోనే నేను ఇన్నాళ్ళు నిద్రపోగలిగాను. మేజరు గారు పోయి చాలా కాలమైంది. ఆ టూరులో ఆడిన కుర్రాళ్ళెవరు ఎక్కడున్నారో తెలియదు. మా మేనకోడలు ఇంటర్నెట్టులో ఎంత వెతికినా దాని పేరు కూడా దొరకలేదు. ఆ మైదానంలో ఇప్పుడు పోటీలు జరిగితే, మబ్బు ఎంత దూరంలో ఉందో ఒక పెట్టే కనిపెట్టి, దానంతటదే కూత పెడుతుందట. మంచిదే, నాలా ఎవరూ మిద్దె మీద వణకక్కర్లేదు. ఆ పెట్టె మీద ఎవరూ అలగరు. ఏడాది తర్వాత వానలో స్కూటరు వెనక్కి తిప్పుకుని దాని దగ్గరికి ఎవరూ రారు.