పనసచెట్టింటి పోగు

కొండల్లో తిండి గురించి డాక్యుమెంటరీ తీస్తూ, పెదబయలు పైన ఒక చిన్న ఊళ్లో మకాం పెట్టాను. పెట్టానంటే, ఒంటరిగా ఉండే ఒక మామ్మ తన ఇంట్లో చాప పరిచి చోటిచ్చింది. పెరట్లో పెద్ద పనస ఉంది కాబట్టి ఊరంతా దాన్ని పనసచెట్టిల్లు అంటారు. పొద్దున్నే చోడి అంబలి, అదే రాగి జావ, పోసేది. వద్దన్నా వినేది కాదు, నేనే వద్దనడం మానేశాను. నలభై దాటిన నన్ను చిన్నపిల్లలా గుంటా అని పిలిచేది ఈ లోకంలో ఆవిడొక్కతే.

సామల పంట చేతికొచ్చింది. ‘కొత్త’ పండగ జరిగేదాకా ఏ ఇంట్లోనూ కొత్త గింజ నోట్లో పెట్టరు. ఆ రోజు ఊరి పైనున్న మిట్ట మీద మేకను కోసి, అడ్డాకుల మీద ఇంటికొక పోగు పెట్టి, ఒక్కో ఇంటినీ పిలిచి ఇస్తారు. నా సినిమాకి ప్రాణం ఆ పంపకమే. దగ్గర్నుంచి తీస్తానని పట్టుబట్టాను. ఊరి పెద్ద ఒప్పుకోలేదు.

“పోగుల కాడ ఇంటికొక మనిసే నిలబడాల. నీకిక్కడ ఇల్లేటుందమ్మా?”

నాకు చర్రున కోపమొచ్చింది. కెమెరా సర్దేసి, మామ్మ దగ్గర కూర్చుని గొణిగాను. ఆవిడ మోకాళ్లు రాసుకుంటూ వింది.

“నా బదులు నువ్వెల్లు. ఈ కాళ్లతో ఆ మిట్ట నానెక్కలేను. పోయినేడు పక్కింటోలే పోగు తెచ్చి ఇచ్చారు, తక్కువేటీ సెయ్యలేదు. కానీ గుంటా, మనింటిని పిలిత్తే పలికే మనిసి లేకపోతే ఎలాగే?”

పెద్దకి కబురు కూడా ఆవిడే పంపింది. ఆయన సరేనన్నాడు.

అలా పోగుల ముందు నిలబడ్డాను. నిలబడ్డానన్న మాటే గాని, కన్ను కెమెరాలోనే ఉంది. తడి ఆకులు, కాలేయం ముక్కతో సహా అన్నింటినీ సమం చేస్తున్న వేళ్లు. ఇంత మంచి షాట్ జన్మలో దొరకలేదని మురిసిపోతున్నాను.

“పనసచెట్టిల్లు!”

ఎవరూ పలకలేదు. నేనింకా ఫోకస్ సరిచేసుకుంటున్నాను.

“పనసచెట్టిల్లు! ఉన్నారా, లేరా?”

అప్పుడు తెలిసింది, ఆ పిలుపు నాకేనని. ఆకును రెండు చేతులా అందుకోవాలి. కెమెరాను గడ్డిలో పడేసి ముందుకురికి, “ఉన్నాం!” అని అరిచాను.

“మాకేటి, సెవుడనుకున్నావేటమ్మా?” అన్నాడు పెద్ద. అందరూ విరగబడి నవ్వారు.

అక్కణ్నుంచి కెమెరాలో పడింది గడ్డీ, జనం కాళ్లూ. మామూలుగా అయితే నెల రోజులు ఏడ్చేదాన్ని. ఆ వేళ మాత్రం మిట్ట దిగుతుంటే, నన్నొక ఇంటి మనిషిగా లెక్కలోకి తీసుకున్న ఆ ఊరికి చేతులెత్తి మొక్కాలనిపించింది. చేతుల్లో ఆకు ఉంది, ఎలా మొక్కను?

మామ్మ అరుగు మీద కూర్చుని దారికేసే చూస్తోంది. పోగు చేతికిచ్చాను. విప్పి చూడకుండానే పక్కన పెట్టి, కొంగుతో కళ్లొత్తుకుంది.

“పలికాను మామ్మా,” అన్నాను.

“ఇక్కడికి ఇనబడిందే,” అంది.