బాగా చూసుకునేవాళ్లకి అమ్మబడవు

మా వీధి చివర నర్సరీ నడిపే ముసలాయన్ని అందరూ అనుమానం తాత అంటారు. దళసరి ఆకుల సక్యులెంట్ మొక్కల్ని ఇసుక కలిపిన మట్టిలో ఆయనే నాటి పెంచుతాడు. నెలరోజులు నీళ్లు లేకపోయినా బతికే ఆ మొండి మొక్కలు, నీళ్లు ఎక్కువైతే మాత్రం వారంలో కుళ్లిపోతాయి. అందుకే కొనడానికి వచ్చినవాళ్లని ఆయన దొంగల్ని చూసినట్టు చూస్తాడు.

"నీళ్లెప్పుడు పోస్తారు?" అని అడుగుతాడు. "రోజూ పొద్దున్నే పోస్తాను, కన్నబిడ్డలా చూసుకుంటాను" అన్నవాళ్లకి గేటు చూపిస్తాడు. సొంత కోడల్నే ఆ కుండీల దగ్గరికి రానివ్వడు. ఆవిడది మరీ జాలిగుండె.

మొన్న నేనక్కడ ఉండగా ఒకాయన విసుక్కుంటూ వచ్చాడు.

"ఏదో ఒక మొక్క ఇవ్వండి. నాకు మొక్కలంటే ఒళ్లు మంట."

తాత మొహం విప్పారింది. "మరి నీళ్లు?"

"నాకంత తీరికెక్కడిది? గుర్తొస్తే నెలకోసారి."

"మనిషంటే నువ్వయ్యా!" అని తాత అన్నిటికంటే మంచి కుండీ తెచ్చి అతని చేతికిచ్చాడు. ఇచ్చాడే గానీ కుండీ అంచు వదల్లేదు.

"ఇష్టం లేనివాడివి ఎందుకు కొంటున్నావు బాబూ?"

"మా ఆవిడకండీ. మొక్కల్ని పసిపిల్లల్లా సాకుతుంది."

తాత కుండీ లాక్కుని వీపు వెనక దాచుకున్నాడు.

"ఆవిడకి ప్రాణం లేనిదేదైనా కొనిపెట్టు."