ఏడుగురు చంద్రుళ్ళు, ఒక గుడ్డల పుస్తకం

చేతికొస్తున్న అయిదు వేలు కాదని, చేతికి రాని పదిహేను వేలకు బేరం కుదిర్చిన ఘనత నాది. ఆ అయిదు వేలు నావి కూడా కావు, నా నేస్తానివి. అంత బాగా బేరమాడినవాళ్ళు ఆ రోజు అరకు లోయ మొత్తంలో ఇంకెవరూ ఉండరని నా నమ్మకం.

నేస్తం అని మాటవరసకు అనడం లేదు. పెద్దల ముందు కట్టుకున్న నేస్తం మాది. అప్పటినుంచి ఒకరినొకరు పేరుపెట్టి పిలవం. ఆమె కొండమీద కాఫీ, చోళ్ళు పండిస్తుంది. ఇంటి పక్కన రెండు గదులు వేసి పర్యాటకులకు అద్దెకిస్తుంది. నేను మైదానంలో గుడ్డల దుకాణంలో పుట్టి, అక్కడే పెరిగి, వారం వారం సంతకు గుడ్డలు తెచ్చి అమ్ముతాను. ఆ ఏడు ఆమె గదుల పైరేకులు తుప్పుపట్టి జల్లెడయ్యాయి. వానలకు ముందే మార్చకపోతే గదులకు తాళం వేసుకోవాల్సిందే.

అప్పుడు ఆ గదుల్లో దిగారు విశాఖ నుంచి ఎనిమిదిమంది కంప్యూటరు ఉద్యోగాల పిల్లలు. వాళ్ళొక లోకాన్ని కనిపెట్టుకున్నారు. దానికి పెద్దదిక్కు, కళ్ళద్దాలు పెట్టుకున్న ఒక అమ్మాయి. ఆ లోకంలో ఆకాశానికి ఏడుగురు చంద్రుళ్ళట. వాళ్ళను కాపాడేది ఒక మాయపుస్తకమట. ఏడాదికోసారి ఒక ముసలి మోతగత్తె దాన్ని కొండమీది బండదాకా మోసుకెళ్ళాలట. ముసలి అన్న మాట దగ్గర అందరూ నావైపే చూశారు.

“దారిలో మీరు మాట్లాడకూడదు ఆంటీ. మాటకో చంద్రుడు రాలిపోతాడు,” అంది కళ్ళద్దాల అమ్మాయి.

తతంగమంతా జరిపిస్తే నేస్తానికి అయిదు వేలు ఇస్తామన్నారు. నేస్తం నా మోచేయి గిల్లింది. “సాలు నేస్తం, ఒప్పీసుకో.”

మొదటి ధరకు ఒప్పుకోవడం మా ఇంటా వంటా లేదు. “పదిహేను ఇవ్వండి. ఏడుగురూ రాలిపోతే పైసా ఇవ్వొద్దు,” అన్నాను. వాళ్ళు వెంటనే ఒప్పుకున్నారు. ఎదుటివాళ్ళు అంత వెంటనే ఒప్పుకుంటే అనుమానించాలని నాకు తెలుసు. కానీ నేస్తం కళ్ళలో కొత్త రేకులు తళతళలాడుతున్నాయి.

మాయపుస్తకం కూడా నేనే తెచ్చాను. మా దుకాణం అటకమీద ప్యాంటుగుడ్డల శాంపిల్ పుస్తకం ఒకటుంది. అట్ట మందంగా ఉంటుంది, బంగారు అంచు ఉంటుంది, లోపల కాగితాలకు బదులు జానెడేసి గుడ్డముక్కలు. అమ్మాయి దాన్ని తడిమి, “అక్షరాల్లేని పుస్తకం, వేళ్ళతో చదవాలి,” అని తన్మయంగా కళ్ళు మూసుకుంది. నాకు మాత్రం దానిమీద దుమ్ము దులపలేదని గుర్తొచ్చింది.

మర్నాడు పొద్దున్నే బయల్దేరాం. తెల్ల దుప్పటి కప్పుకుని, పుస్తకం నెత్తిన పెట్టుకుని ముందు నేను. నా వెనక, చంద్రుళ్ళకు బదులు గాలి ఊదిన ఏడు కాగితం బుడ్డలు కట్టిన వెదురుగడ పట్టుకుని అమ్మాయి. ఆ వెనక కిరీటాల్లో మిగతా పిల్లలు. ఎదురొచ్చిన మేకలు దారి తప్పుకున్నాయి. అంతవరకూ బాగానే ఉంది.

మలుపు తిరిగేసరికి రోడ్డుకి అడ్డంగా కర్ర.

ఇటుకల పండగ, కొండవాళ్ళ వేట పండగ. మగవాళ్ళు అడవికి వేటకెళితే, రోడ్డు ఆడవాళ్ళ రాజ్యం. ఎవరొచ్చినా కర్ర అడ్డం పెట్టి డబ్బు పుచ్చుకుంటారు. ఇన్నేళ్ళుగా ఆ వారంలోనే ఎక్కువ చీరలమ్మి కూడా, సరిగ్గా ఆ రోజే ముహూర్తం ఖాయం చేసిన బుద్ధిమంతురాలిని నేను. కర్ర అవతలి కొస పట్టుకున్నది నా నేస్తమే. నన్ను చూసి నాలిక కరుచుకుంది.

“అది నా నేస్తం. బేగి ఒగ్గీయండి,” అంది మిగతావాళ్ళతో.

“నీ నేస్తమైతే మరీ ఎక్కువియ్యాల,” అంది కర్ర ఇవతలి కొస పట్టుకున్న ముసలామె. నా నెత్తిమీది పుస్తకం కిందికి దించి, ఒక ముక్క వేళ్ళ మధ్య నలిపి పెదవి విరిచింది. “ఇదేటి, పాలిస్టరా?”

“టెరికాటన్.”

వెనక అమ్మాయి గిల్లిన ఒక బుడ్డ టప్పుమంది.

“మీటరెంత?”

“మీటరు ఎనభై.”

టప్, టప్. నేస్తం ముఖం పాలిపోయింది. “నోరు ముయ్యి నేస్తం. అయి బుడ్డలు కావు, నా రేకులు.”

నోరు మూశాను. ముసలామె అయిదొందలడిగింది. కిరీటం అబ్బాయి బుద్ధిగా నోటు తీస్తున్నాడు. యాభైకి తెగే బేరానికి అయిదొందలు! వాడి చేయి పట్టుకుని ఆపి, ఒక వేలు చూపించాను.

“ఒకటా? వెయ్యా? ఎంత మంచి మనిసివే తల్లీ.”

“వంద,” అన్నాను. టప్.

ఇక నా దగ్గర మిగిలిన ఒకే విద్య, వద్దులే అన్నట్టు వెనక్కి తిరిగి నడవడం. పది అడుగులు వేశాను. దుకాణంలో అయితే ఈపాటికి వెనక్కి పిలుస్తారు. ఎవరూ పిలవలేదు. వెనక్కి వచ్చి నిలబడ్డాను. నేస్తం నవ్వలేదు.

“సర్లే, వందే ఇయ్యి. ఈ పుస్తకంలోంచి ఓ ముక్క కోసియ్యి, మా గుంట బడిసంచికి అతుకేసుకుంతాది,” అంది ముసలామె.

ఎంత న్యాయమైన ధర. తల ఊపితే చాలు. కానీ ముక్క కోసివ్వమన్న మాటకు నా నోరు నన్నడక్కుండా జవాబు చెబుతుంది. నాకు మాటలొచ్చిన దగ్గర్నుంచీ చెబుతూనే ఉంది.

“ముక్కలు కొయ్యం,” అంది. అక్కడితో ఆగినా ఒక చంద్రుడు మిగిలేవాడు. కానీ దుకాణంలో పెరిగినవాళ్ళ నోట లేదన్న మాట ఒంటరిగా రాదు, మర్యాద కూడా వెంట రావాలి. “అమ్మా.”

ఆకాశం ఖాళీ అయింది.

కళ్ళద్దాల అమ్మాయి వెదురుగడను నెమ్మదిగా దించింది. “సారీ ఆంటీ. రూల్ రూలే.” నేనైనా అదే అనేదాన్ని. అందుకే వాదించలేదు. ఇక మాటలకు ఖర్చు లేదు కనుక, ముసలామెతో అర నిమిషం మాట్లాడి, ముక్క ఇవ్వకుండానే యాభైకి తెగ్గొట్టాను. పిల్లలు చప్పట్లు కొట్టారు. నేస్తం కర్ర ఎత్తి పట్టుకుని, “ఎల్లండి,” అంది. నాతో అన్నది అదొక్కటే మాట.

తర్వాతి సంతకు రేకులు తీసుకెళ్ళాను. చూసి, “ఏటి నేస్తం, ఇంత మంచియా,” అంది. మళ్ళీ నేస్తం అన్నందుకు ధర చెప్పబుద్ధి కాలేదు. ఇక్కడ చెబుతాను. రేకులకు పద్నాలుగు వేలు, బేరమాడాను, కొట్టువాడు తగ్గించలేదు. ఘాట్ మీదికి మోసినందుకు వ్యానుకు పన్నెండువందలు. కర్ర దగ్గర యాభై, అదీ నేనే ఇచ్చాను. మొత్తం పదిహేను వేల రెండు వందల యాభై. పిల్లలకు ఆదా చేసి పెట్టింది అయిదొందలు. నాకు వచ్చింది సున్నా.