మూడడుగుల రాడ్డు

పద్దెనిమిదేళ్లుగా ఒక బరువు మోస్తున్నాను. బరువుల లెక్క చూడటమే నా వృత్తి. ఏ దూలం మీద ఎంత పడుతుందో, అది ఏ స్తంభంలోంచి నేలలోకి దిగుతుందో కాగితం మీద గీసి, కింద సంతకం పెట్టి బతికినవాణ్ణి. ఈ ఒక్క బరువు మాత్రం ఎక్కడికీ దిగలేదు. నాలోనే ఉండిపోయింది.

మీరెవరో నాకు తెలియదు. అందుకే చెప్పగలుగుతున్నాను. చదివాక జాలి మాత్రం పడకండి. మా ఇంట్లో జాలి పుచ్చుకునే అలవాటు లేదు.

మాది నేలకొండపల్లి వైపు ఒక ఊరు. ఒకప్పుడు మా తాత సంతకం లేకుండా అక్కడ చెరువు తూము కూడా తెరిచేవారు కాదట. నేను పుట్టేసరికి భూమి లేదు. గడీ గోడలున్నాయి గాని పైన కప్పు లేదు. టేకు దూలాలు మా నాన్నే విప్పించి అమ్మేశాడు. నాకు మిగిలినవి ఇంటిపేరు, నిటారుగా నిలబడే వెన్ను. ఇంజినీరింగ్ చదివి ఖమ్మంలో భవనాల డిజైన్ ఆఫీసు పెట్టాను. మొదటి డ్రాయింగు మీద సంతకం చేస్తూ, మా తాత సంతకం మళ్లీ చెల్లుతోందని అనుకున్నాను. సైటులో కుర్చీ వేస్తే ఎన్నడూ కూర్చోలేదు. టీ ఇస్తే తాగలేదు. కూలీలు, కాంట్రాక్టర్లు, ఇల్లు కట్టుకునేవాళ్లు అందరూ నన్ను దొరా అని పిలిచేవారు. వద్దని నేనెప్పుడూ అనలేదు.

యాకూబ్ ఒక్కడే సార్ అనేవాడు.

యాకూబ్ ఖమ్మంలో రాడ్లు వంచే మేస్త్రీ. వాళ్ల నాన్నదీ అదే పని. మణుగూరు అవతల, అడవిని ఆనుకున్న ఒక కాలనీలో క్రైస్తవ కుటుంబాలు ప్రార్థన మందిరం కట్టుకుంటూ డిజైన్ నాకు, రాడ్ల పని అతనికి ఇచ్చారు. కమిటీ పెద్ద దేవసహాయం గారు. బొగ్గుగనిలో ఫిట్టరుగా చేసి రిటైరైన మనిషి.

మందిరంలో వెనక వైపు, పైన ఒక గ్యాలరీ కావాలన్నారు. పాటలు పాడే స్త్రీలు నిలబడటానికి. కింద స్తంభాలు ఉండకూడదు, కూర్చున్నవాళ్లకు అడ్డం. అంటే స్లాబు దూలం దాటి గాల్లోకి చాచుకుని ఉండాలి. అలాంటి స్లాబును మోసే రాడ్లు దాని పైభాగంలో ఉంటాయి. అవి దూలం ముందుకు ఎంత పొడుగు పోతాయో, వెనకున్న స్లాబులోకి దానికి ఒకటిన్నర రెట్లు పోవాలి. వెనక పట్టు ఉంటేనే ముందు నిలుస్తుంది. ఇది తెలియని ఇంజినీరు ఉండడు.

గ్యాలరీ మొదట రెండడుగులే. వెనక్కి మూడడుగుల రాడ్డు గీశాను. సరైన లెక్క. తర్వాత కమిటీవాళ్లు రెండడుగులు చాలదు, ఐదు కావాలన్నారు. నేను స్లాబు మందం పెంచాను. రాడ్డు లావు పెంచాను. రాడ్లను దగ్గర దగ్గరగా జరిపాను. వెనక్కి పోయే మూడడుగులను మార్చలేదు. ఏడున్నర ఉండాల్సిన చోట మూడు అలాగే ఉండిపోయింది. ఎందుకు? మరిచిపోయాను. అంతే. ఇంతకన్నా గౌరవమైన కారణం ఏదైనా ఉంటే బాగుండునని ఎన్నోసార్లు వెతుక్కున్నాను. లేదు.

స్లాబు పోయడానికి ముందురోజు మధ్యాహ్నం నేను సైటుకు వెళ్లాను. సెంట్రింగ్ చెక్కల మీద రాడ్లు పరుస్తున్నారు. యాకూబ్ డ్రాయింగు పట్టుకుని నా దగ్గరికి వచ్చాడు.

"సార్, ముంగటికి ఐదడుగులు పోతున్నది. ఎన్కకు మూడేనా?"

"కాగితం మీద ఎంతుంది?"

"మూడే ఉన్నది సార్. అందుకే అడుగుతున్న."

అతను నవ్వుతూ చెక్కల అంచుకు వెళ్లి, బయటికి వంగి, ఒక చెయ్యి వెనక్కి చాపాడు. పక్కనున్న కూలీ ఆ చెయ్యి పట్టుకున్నాడు.

"మనిషి గిట్ల బయటికి వంగితే, ఎన్క పట్టుకునేటోడు గట్టిగ ఉండాలె కద సార్. మీరిచ్చిన చెయ్యి మోచేతి కాడికే ఉన్నది!"

కూలీలు నవ్వారు. కాంక్రీటు తట్టలు మోయడానికి అడవి ఊళ్ల నుంచి వచ్చిన ఆడవాళ్లు కోయ మాటల్లో ఏదో అనుకుని మళ్లీ నవ్వారు. దేవసహాయం గారూ నవ్వారు.

"అవ్ దొరా, గాయన చెప్పేది ఒక్కసారి చూడరాదుండ్రి."

చూస్తే ఒక్క నిమిషం పని. తప్పు కనపడేది, దిద్దేవాణ్ణి, ఎవరూ ఏమీ అనుకునేవారు కాదు. కానీ అంతమంది నవ్వుతుండగా, నన్ను దొరా అనని ఒక్కడి చేతిలోంచి నా కాగితం తీసుకుని, నా గీతను నేనే కొట్టేయాలి.

"నువ్వు రాడ్లు వంచు యాకూబ్. లెక్క నేను చూసుకుంటా. గీత ఎంతుందో అంతే కోయి."

నవ్వులు ఆగిపోయాయి. అతను చేతులు దులుపుకున్నాడు.

"అట్లనే సార్. మీ కాగితం, మీ సంతకం."

అది తప్పని అప్పటికి నాకు నిజంగా తెలియదు. కానీ కొత్తగూడెం దాటాక, కారులో, ఆ మోచెయ్యి గుర్తుకొచ్చింది. మనసులోనే లెక్క వేశాను. ఐదు, ఒకటిన్నర రెట్లు. చేతిలో ఫోను ఉంది. స్లాబు పోసేది మర్నాడు పొద్దున. ఆపు, అన్న ఒక్క మాట చాలు. ఆ మాట ఎవరితో అనాలి? యాకూబ్‌తో. ఎక్కువ బరువు పడదులే, నిలబడుతుందిలే అని నాకు నేను చెప్పుకున్నాను. పాతికేళ్ల కుర్రాడు నా ఆఫీసులో ఆ మాట అంటే అదే రోజు బయటికి పంపేవాణ్ణి.

సపోర్టు కర్రలు తీసిన మర్నాడు పదకొండు మంది స్త్రీలు పాట సాధన చేయడానికి గ్యాలరీ ఎక్కారు. రెండో చరణంలో వెనక నుంచి టప్పుమని చప్పుడైంది. ముందంచు కొద్దిగా దిగింది. అందరూ గోడ పట్టుకుని మెట్లు దిగివచ్చారు. ఎవరికీ ఏమీ కాలేదు. ఆ మాట రాస్తూ ఇప్పుడు కూడా ఒకసారి ఆగాను.

నేను వెళ్లి చూశాను. కాంక్రీటు పోసేటప్పుడు కూలీలు పై రాడ్లను తొక్కి కిందికి దించేయడం మా పనుల్లో మామూలుగా జరిగే తప్పు. అదే అయితే పగులు దూలం అంచునే వస్తుంది. ఈ పగులు దూలానికి వెనక, సరిగ్గా నా రాడ్డు ఆగిపోయిన చోట, ఈ చివర నుంచి ఆ చివరకు పోయింది. దాన్ని చదవగలిగినవాళ్లం అక్కడ ఇద్దరమే ఉన్నాం. రెండోవాడు జేబులోంచి టేపు తీశాడు.

"కొలవమంటరా సార్?"

"అక్కర్లేదు."

"ఏంది దొరా ఇది?" అన్నారు దేవసహాయం గారు. ఆయన భార్య ఆ పదకొండు మందిలో ఉంది.

"పై రాడ్లు తొక్కేశారు. కుర్చీలు సరిగ్గా కట్టలేదు" అన్నాను.

పై రాడ్లు కిందికి దిగకుండా వాటి కింద నిలబెట్టే వంచిన ఇనుప ముక్కలను సైటులో కుర్చీలంటారు. అవి కట్టడం యాకూబ్ పని. నా వెన్ను నిటారుగానే ఉంది. గొంతు ఏ మాత్రం మారలేదు. అబద్ధం చెప్పడానికి కూడా వంశం పనికొస్తుందని ఆ రోజు తెలిసింది.

యాకూబ్ నావైపు చూడలేదు. దేవసహాయం గారితో అన్నాడు: "పెద్దయ్యా, పగలగొట్టేటప్పుడు నన్ను పిలువుండ్రి. నా కుర్చీలు నిలబడే ఉంటయ్."

పిలవలేదు. పిలవవద్దన్నది నేనే. పగలగొట్టిన రోజు పొద్దున్నుంచీ నేనే అక్కడ నిలబడ్డాను. కాంక్రీటు రాలిపోయాక కుర్చీలు కనిపించాయి. ఒక్కటీ వంగలేదు. అన్నీ ఒకే ఎత్తు, ప్రతి ముడికీ రెండు వరసల తీగ. అంత మంచి పని నేను అంతకుముందు చూడలేదు, తర్వాత కూడా చూడలేదు. అన్నిటికన్నా ముందు ఆ ఇనుమునే తుక్కు లారీలోకి ఎక్కించాను.

కొత్త డ్రాయింగులో ఏడున్నర అడుగులు గీశాను. మా డ్రాయింగుల మూల ఒక పట్టిక ఉంటుంది, ఏ మార్పు ఎందుకు చేశామో రాయడానికి. అందులో, పనితనంలో లోపం వల్ల, అని ఇంగ్లీషులో రాసి సంతకం పెట్టాను. మా తాత సంతకం. మందిరం తెరిచిన రోజు, సమయానికి తప్పు పట్టుకుని ప్రాణాలు కాపాడిన ఇంజినీరని నాకు శాలువా కప్పారు. కప్పించుకున్నాను. ఆ గ్యాలరీ ఇప్పటికీ ఒక్క వెంట్రుకంత కూడా దిగలేదు. అది నా గొప్పే, కాదనను. కానీ ఏడున్నర అన్న అంకె మొదట పలికింది నేను కాదు. ఒక మనిషి తన మోచెయ్యితో పలికాడు.

ఆ తర్వాత యాకూబ్‌కు ఆ వైపు పని దొరకలేదు. కొన్నాళ్లకు ఖమ్మంలో కూడా పెద్ద పనులకు పిలవడం మానేశారు. ఇప్పుడతను ఒక ఇనుప కొట్టు ముందు కూర్చుని స్తంభాల రాడ్లకు చుట్టే రింగులు వంచుతాడు. ఆ దారిలో పోతూ చాలాసార్లు చూశాను. అన్ని రింగులూ ఒకే కొలత. నా కారు కనిపిస్తే తలెత్తి చూస్తాడు. నమస్కారం పెట్టడు. చెప్పడానికి వింతగా ఉంటుంది గాని, అందుకే అతనంటే నాకు గౌరవం.

ఇన్నేళ్లు ఎందుకు చెప్పలేదు? లైసెన్సు పోతుందన్న భయమా? కాదు. పోతే పోయేది. భూమి పోయింది, గడీ పోయింది, నిటారుగానే నిలబడ్డాను. పోకుండా దాచుకున్నది సంతకాన్నే. దాన్ని దాచుకోవడానికి ఇంకొకడి పేరు తుక్కు లారీ ఎక్కించాను.

ఈ ఏడాది మందిరాన్ని పెంచుతామని ఫోను వచ్చింది. దేవసహాయం గారు లేరు. కొత్త కార్యదర్శి మాట్లాడాడు. వివరాలన్నీ చెప్పి చివర అన్నాడు:

"మేస్త్రీని కూడ మీరే చూడుండ్రి సార్. మల్ల యాకూబ్ పని కావొద్దు."

"యాకూబ్ ఎవరో తెలుసా నీకు?"

"తెల్వదు సార్. పాడు పనికి ఈడ అందరు గట్లనే అంటరు. స్లాబు కారినా, గోడ పగిలినా, యాకూబ్ పని అంటరు." నవ్వాడు. "అసలు గట్ల మనిషి ఉన్నడా ఏంది?"

నేను ఫోను పెట్టేశాను. మా ఇంటిపేరు చెబితే ఇవాళ ఆ కాలనీలో ఎవరికీ తెలియదు. అతని పేరు అందరికీ తెలుసు.

విస్తరణ డ్రాయింగులు నిన్న పూర్తయ్యాయి. మూలనున్న పట్టికలో ఇంగ్లీషే రాస్తాం, ఎప్పుడూ. ఈసారి తెలుగులో రాశాను, రాడ్లు వంచేవాడు కూడా చదవాలని: "మొదటి గ్యాలరీ పగలడానికి కారణం డిజైన్. పై రాడ్డు వెనక్కి మూడడుగులే గీశాను. యాకూబ్ మేస్త్రీ ముందే చెప్పాడు, నేను వినలేదు. అతను కట్టిన కుర్చీలు నిలబడే ఉన్నాయి. నేను చూశాను."

ఒక నకలు మందిరానికి, ఒకటి ఆ ఇనుప కొట్టుకు పంపాను. కొట్టుకు నేనే వెళ్లి ఇవ్వాల్సింది. వెళ్లలేదు. ఆ చివరి గజం దూరం వంగడం నాకింకా రాలేదు. క్షమించమని అందులో రాయలేదు. క్షమిస్తాడని అనుకోను. క్షమించకపోతే అది అతని హక్కు. మా ఇంట్లో తప్పు ఒప్పుకుని సంతకం చేసిన మొదటివాణ్ణి నేనే, ఇందులో కూడా నాకు కొంత గర్వంగానే ఉంది. దాన్ని ఏం చేసుకోవాలో తెలియడం లేదు. కానీ నిన్న ఆ కాగితం కింద కలం పెట్టినప్పుడు, పద్దెనిమిదేళ్లలో మొదటిసారి, అది నా సంతకంలా అనిపించింది.

నా పేరు ఇక్కడ రాయలేదు. రాయవలసిన చోట రాశాను, ఇంటిపేరుతో సహా.