స్టూలు పట్టుకునే మనిషి

వీధి చివరి దర్జీ క్రిస్మస్ చెట్టు కొనడానికైనా మెడలో టేపు వేసుకునే వెళ్తాడు. ఎత్తు కొలుస్తాడు, నడుము కొలుస్తాడు, కొమ్మ వంచి చూసి పెదవి విరుస్తాడు.

"అమ్మగారు కూడా లేరు. ఈసారికి పొట్టిది తీసుకోండి మాస్టారూ," అన్నాడు చెట్లమ్మేవాడు.

"నేనొక్కణ్ణయితే చెట్టు పొట్టిదైపోవాలా?" అని కసిరి, ఎప్పటిలాగే తనకంటే మూరెడు పొడుగున్నదే ఇంటికి మోసుకొచ్చాడు. దారం పంటితో కొరుకుతూ గాజు బంతులన్నీ ఓపిగ్గా కట్టాడు. ఇక మిగిలింది చిటారుకొమ్మన నక్షత్రం. అది పెట్టడం ఎప్పుడూ భార్య పని, కుంటి స్టూలు పట్టుకోవడం ఈయన పని. అలవాటుగా స్టూలు లాగి, వంగి, రెండు చేతులా గట్టిగా పట్టుకున్నాడు.

"జాగ్రత్తే, పడతావ్!"

నక్షత్రం బల్లమీదే ఉంది. ఏ బరువూ పడని ఆ స్టూలుని ఆయన చాలాసేపటిదాకా వదల్లేదు.