కుళాయి సాక్ష్యం

మా వీధిలో ఆవిడని అందరూ నీళ్ళక్క అనే పిలుస్తారు. ఆవిడ భర్త నీటి సరఫరా విభాగంలో వాల్వులు తిప్పే ఉద్యోగి. ఆయన చెయ్యి పడితేనే ఊళ్ళో కుళాయిలకు ప్రాణం వచ్చేది. అంతటి మనిషీ సొంత ఇంట్లో కుళాయి మాత్రం పూర్తిగా కట్టేవాడు కాదు.

“ఊరంతటికీ నీళ్ళు కట్టేసే మొనగాడివి, ఈ ఒక్క కుళాయి కట్టడానికి చెయ్యి రాదా నీకు?” అనేది ఆవిడ.

“గట్టిగా తిప్పితే వాషరు పోతుందే. నా పని నాకు నేర్పకు” అనేవాడాయన.

అక్కణ్ణించి తగవు పుట్టింటి దాకా వెళ్ళేది. పక్కింటి టైలరు కత్తెరతో గోడ మీద టకటకా కొడితేగాని తగ్గేది కాదు. ఆ చప్పుడు విని వీధిలో వాళ్ళు పనులకు బయల్దేరేవారు.

ఒకనాడు ఆయన గుండె ఆగి పోయాడు. కుటుంబ పింఛను కోసం వెళితే, ఆఫీసు రికార్డులో ఆవిడ అసలు లేనే లేదు. బ్రహ్మచారిగా ఉద్యోగంలో చేరిన ఆయన, పెళ్ళయ్యాక భార్య పేరు ఎక్కించడం మరిచాడు. కుళాయే కట్టని మనిషికి కాగితాల ధ్యాస ఎక్కడిది? చివరిదాకా కలిసి కాపురం చేశారో లేదో విచారించడానికి గుమస్తా వస్తాడన్నారు. పిల్లలు లేని ఆవిడకి ఆ పింఛను తప్ప వేరే ఆధారం లేదు.

ఆవిడ భయమల్లా తగవుల గురించే. రోజూ కొట్లాడుకునేవాళ్ళమని తెలిస్తే, అదేం కాపురమని కొట్టిపారేస్తారనుకుంది. ఇంటింటికీ తిరిగి చెప్పి వచ్చింది.

“చిలకా గోరింకల్లా ఉండేవాళ్ళని చెప్పండి. అంతకు మించి ఒక్క ముక్క వద్దు.”

గుమస్తా వచ్చిన రోజున వీధి మాట నిలబెట్టుకుంది. ఇస్త్రీ ఆయన చిలకా గోరింకలన్నాడు. కిరాణా కొట్టావిడా అదే అంది. టైలరు కళ్ళు కూడా ఒత్తుకున్నాడు. గుమస్తా కలం మూసేశాడు.

“వీధంతా ఒకే బడిలో చదివారా?” అంటూ నీళ్ళక్క ఇంట్లోకి వచ్చి కూర్చున్నాడు. “అమ్మా, మీ మధ్య ఎప్పుడూ మాటా మాటా రాలేదా?”

“మాట తూలే మనిషి కాదండీ ఆయన.”

“ఇంత సుఖపడ్డ మొగుడూ పెళ్ళాల్ని నేనెక్కడా చూళ్ళేదు. అసలు ఆయన ఈ ఇంట్లోనే ఉండేవాడా?”

నీళ్ళక్క టీ పెడతానని పొయ్యి దగ్గరికి వెళ్ళింది. గుమస్తా వేళ్ళకంటిన సిరా కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్ళి, కుళాయి సగమే కట్టాడు. చుక్కలు మొదలయ్యాయి.

పొయ్యి వైపు నుంచి తల తిప్పకుండానే అరిచిందావిడ.

“ఊరంతటికీ నీళ్ళు కట్టేసే మొనగాడివి, ఈ ఒక్క కుళాయి కట్టడానికి చెయ్యి రాదా నీకు?”

వెంటనే గోడవతల టకటకా కత్తెర మోగింది. “అక్కా, ఇవాళ్టికి బావని వదిలెయ్.”

చుక్కలు పడుతూనే ఉన్నాయి. కాసేపటికి టేపు మెళ్ళో వేలాడేసుకుని టైలరు గుమ్మంలోకి వచ్చాడు.

“అలవాటులో చెయ్యి ఊరుకోలేదక్కా.”

గుమస్తా తడి చేతులతో అలాగే నిలబడ్డాడు. “ఇది రోజూ ఉండేదా?”

టైలరు అక్క వైపు చూశాడు.

“చెప్పరా. ఇంకా దాచడానికేముంది?” అందావిడ, పింఛను మీద ఆశ వదులుకుని.

“రోజూనండి. ఆయన పోయిన రోజు పొద్దున కూడా. నా కత్తెర ఈ గోడ మీదే సొట్టపోయింది.”

గుమస్తా కూర్చుని కలం తెరిచాడు. “మా ఇంట్లో రోజూ తగవు ఫ్యాన్ స్విచ్చి గురించి” అన్నాడు, రాస్తూనే. “చివరిదాకా కలిసే కాపురం చేశారని రాస్తున్నానమ్మా. నా చెవులతో విన్నాను. పింఛను వస్తుంది.”

లేచి వెళ్ళి, తప్పు దిద్దుకుంటున్నట్టు కుళాయిని గట్టిగా బిగించాడు.

“మెల్లగా బాబూ” అంది నీళ్ళక్క. “అంత బిగిస్తే వాషరు పోతుంది.”

గుమస్తా కాస్త వదులు చేశాడు. ఒక చుక్క పడింది.

“ఆ, అలా ఉండనివ్వండి” అని, ఆవిడ టీ గ్లాసులు కడగడానికి వెళ్ళింది.